లెక్క మనది... తాళం ఎవరిది?

పాల లెక్క క్యాలెండరు మీద, ఇస్త్రీ బట్టల లెక్క తలుపు వెనక, చీటీ డబ్బుల లెక్క పోపుల డబ్బా కింద మడతపెట్టిన కాగితం మీద... మన ఇళ్లలో ఆడవాళ్ల లెక్కలు చాలాకాలం ఇలాగే నడిచాయి. ఎవరూ నేర్పకపోయినా, ఆడిటరు చూడకపోయినా ఆ లెక్కలు తప్పింది లేదు. ఇప్పుడవి మెల్లగా ఫోన్లోకి చేరాయి. కల్వకుర్తి లాంటి చిన్న పట్నంలో కూడా బ్లౌజులు కుట్టేవాళ్లు, మగ్గం వర్కు చేసేవాళ్లు, పచ్చళ్లు, పిండివంటలు ఆర్డర్ల మీద చేసిచ్చేవాళ్లు, ఇంట్లో చీరలు పెట్టి అమ్మేవాళ్లు ఫోన్లోనే పద్దు రాసుకుంటున్నారు. సంతోషించాల్సిన సంగతే. అయితే ఒక్క ప్రశ్న. ఆ పద్దు ఫోన్లోంచి బయటకు తీయడం మీకు తెలుసా?

"ఫోన్ల ఉన్నయి గదా, మళ్ల బయటికెందుకు?" అనుకోవచ్చు. ఎందుకో చూద్దాం.

కోడు లేని యాప్‌లు

ఒకప్పుడు యాప్ తయారు చేయాలంటే ఇంజినీరింగు చదివినవాళ్లే కావాలి. ఇప్పుడలా కాదు. కంప్యూటరు భాష ఒక్క ముక్క రాయకుండానే, రంగవల్లికి చుక్కలు పెట్టినంత సులువుగా గళ్లు పేర్చుకుంటే యాప్ తయారైపోతుంది. వీటిని 'నో కోడ్' యాప్‌లంటారు. చెన్నై కేంద్రంగా ఉన్న జోహో సంస్థ 2006లోనే జోహో క్రియేటర్ పేరుతో ఇలాంటిది తెచ్చింది. యాప్‌షీట్ అనేదాన్ని 2020లో గూగుల్ కొనుక్కుంది. ఎయిర్‌టేబుల్, గ్లైడ్ వంటివి ఇంకా ఉన్నాయి. డిగ్రీ చదివే పిల్లలు ఒక ఆదివారం కూర్చుని అమ్మకో, పిన్నికో ఇందులో ఒక యాప్ చేసి పెడుతున్నారు. కస్టమరు పేరు, కొలతలు, అడ్వాన్సు, బాకీ, ఇవ్వాల్సిన తేదీ, బ్లౌజు ఫొటో అన్నీ అందులోనే!

ఇక సంఘాల సంగతి. క్రమం తప్పని సమావేశాలు, పొదుపు, అంతర్గత అప్పులు, సకాలంలో వాయిదాలు, పుస్తకాల నిర్వహణ... ఈ పంచసూత్రాలు తెలియని సంఘం సభ్యురాలు ఉండదు. పల్లెల్లో సెర్ప్, పట్నాల్లో మెప్మా ఈ సంఘాల బాగోగులు చూస్తాయి. సంఘాల లెక్కల్ని డిజిటల్ చేయడానికి కేంద్ర ప్రభుత్వం లోకోస్ అనే యాప్ కూడా తెచ్చింది. అది సర్కారు ఏర్పాటు. మనం ఇక్కడ మాట్లాడుకునేది మన చేతులతో మనం చేసుకున్న, మన పిల్లలు చేసిపెట్టిన యాప్‌ల గురించి.

కొట్టు కట్టేస్తే సామాను ఏమవుతుంది?

అద్దె ఇంట్లో ఉన్నామంటే ఓనరు ఎప్పుడైనా ఖాళీ చేయమనొచ్చు. యాప్‌లదీ అదే తీరు. కాలేజీ పిల్లలు ఒకప్పుడు ప్రాణంగా చూసుకున్న ఆర్కుట్ 2014 సెప్టెంబరు 30న మూతపడింది. ఫొటోలు, స్క్రాపులు దించుకోవడానికి 2016 సెప్టెంబరు వరకూ గడువిచ్చారు. తెలిసినవాళ్లు తీసుకున్నారు, తెలియనివాళ్ల జ్ఞాపకాలు పోయాయి.

కోడు లేని యాప్‌ల లోకంలోనూ ఇది జరిగింది. గూగుల్ వారి యాప్ మేకర్ 2021 జనవరి 19న ఆగిపోయింది. అమెజాన్ 2020లో మొదలుపెట్టిన హనీకోడ్‌ను 2024 ఫిబ్రవరి 29న కట్టేసింది. ఇవేవో గల్లీ కంపెనీలు కావు, ప్రపంచంలోనే పేరున్నవి. ముందుగా నోటీసు ఇచ్చారు, నిజమే. కానీ ఆ నోటీసు ఇంగ్లీషులో, ఎవరి మెయిల్‌కి వస్తుంది? అది చూసేదెవరు?

మూసివేతే అక్కర్లేదు. ఉచితంగా ఇన్ని వరుసలే రాసుకోనిస్తామని అడ్డం పడొచ్చు. ఫోను నీళ్లల్లో పడొచ్చు. పాస్‌వర్డు మరిచిపోవచ్చు. దీపం ఉండగానే ఇల్లు చక్కబెట్టుకోమని పెద్దలు ఊరికే అన్నారా!

ఏ రూపంలో తీసుకోవాలి?

యాప్‌లోని సమాచారాన్ని మామూలు ఫైలుగా బయటకు తీయడాన్ని 'ఎక్స్‌పోర్ట్' అంటారు. తీసేటప్పుడు ఏ రూపంలో కావాలని అడుగుతుంది. ముఖ్యంగా మూడు తెలిస్తే చాలు.

పీడీఎఫ్: ఇది అచ్చు వేసిన శుభలేఖ లాంటిది. ఎవరి ఫోన్లో చూసినా ఒకేలా కనిపిస్తుంది. బ్యాంకులో చూపించడానికి, ప్రింటు తీసి ఫైల్లో పెట్టుకోవడానికి బాగుంటుంది. కానీ అందులో అంకెలు కూడలేం, మార్చలేం. మళ్లీ ఇంకో యాప్‌లోకి ఎక్కించడమూ కష్టమే.

ఎక్సెల్: ఇది గళ్ల పుస్తకం. కూడికలు, తీసివేతలు, వరుస మార్చడాలు అన్నీ చేసుకోవచ్చు. రోజువారీ వాడకానికి ఇదే మేలు.

సీఎస్‌వీ: మూడింటిలో సాదాసీదాది, కానీ గట్టిది. రంగులు, గీతలు ఏమీ ఉండవు. ఒక్కో మనిషికి ఒక్కో వరుస, మాటకు మాటకు మధ్య ఒక కామా. ఇలా ఉంటుంది:

పేరు,కొలత,అడ్వాన్సు,బాకీ
వదిన,36,200,450

అంతే! ఇంత సాదాగా ఉంటుంది కాబట్టే దాదాపు ప్రతి యాప్ దీన్ని ఇస్తుంది, ప్రతి యాప్ తీసుకుంటుంది. రేపు ఇంకో యాప్‌కు మారాలంటే ఇదే దారి. జేసన్ అని ఇంకొకటి కనిపిస్తుంది. అది ప్రోగ్రాములు రాసేవాళ్లకు, మనకు దాంతో పనిలేదు.

కాబట్టి చూపించుకోవడానికి పీడీఎఫ్, వాడుకోవడానికి ఎక్సెల్, దాచుకోవడానికి సీఎస్‌వీ అని గుర్తుపెట్టుకోండి.

ఎలా తీయాలి?

మీ యాప్ గూగుల్ షీట్ మీద నడుస్తోందా? యాప్‌షీట్‌తో చేసినవాటిలో చాలామటుకు ఇలాగే ఉంటాయి. అప్పుడు మీ అసలు పద్దు ఆ షీట్లోనే ఉంది. కంప్యూటరులో షీట్ తెరిచి పైన 'ఫైల్', అందులో 'డౌన్‌లోడ్' నొక్కితే పై మూడు రూపాలూ కనిపిస్తాయి. ఫోన్లో అయితే షీట్ తెరిచి, మూలనున్న మూడు చుక్కలు నొక్కి 'షేర్ అండ్ ఎక్స్‌పోర్ట్'లోకి వెళ్లాలి. మిగతా యాప్‌లలో ఎక్స్‌పోర్ట్, డౌన్‌లోడ్ అనే మాటల కోసం మెనూలో వెతకండి.

ఒక జాగ్రత్త. సీఎస్‌వీ ఒకసారికి ఒక్క పట్టికనే దించుతుంది. కస్టమర్ల పేర్లు ఒకచోట, ఆర్డర్లు ఇంకోచోట ఉంటే రెండూ విడివిడిగా తీయాలి. ఒకటి తీసి రెండోది వదిలేస్తే, బాకీ ఉంటుంది కానీ ఎవరి బాకీయో తెలియదు!

తీసిన తర్వాత ఇవి చూడండి

ఫైలు వచ్చింది కదా అని సంబరపడి పక్కన పెట్టేయకూడదు. అన్నం ఉడికిందో లేదో మెతుకు పట్టి చూసినట్టే దీన్నీ చూడాలి.

తెలుగు పిచ్చిగీతల్లా కనిపిస్తోందా? సీఎస్‌వీని నేరుగా ఎక్సెల్‌లో తెరిస్తే ఒక్కోసారి ఇలా అవుతుంది. పాతకాలం డీటీపీ సెంటర్లో అను ఫాంట్లలో కొట్టించిన ఫైలు, ఆ ఫాంటు లేని కంప్యూటరులో ఇంగ్లీషు అక్షరాల కలగాపులగంలా కనిపించేది గుర్తుందా? కథలు అచ్చుకిచ్చేవాళ్లందరికీ అనుభవమే. కంగారుపడకండి, ఫైలు చెడిపోలేదు. ఎక్సెల్‌లో 'డేటా' నొక్కి, 'ఫ్రమ్ టెక్స్ట్ సీఎస్‌వీ' అన్నదాంట్లోంచి ఫైలు తెరిచి, 'ఫైల్ ఆరిజిన్' దగ్గర 65001 యూనికోడ్ అన్నది ఎంచుకుంటే తెలుగు తెలుగులా వస్తుంది.

ఖాతా నంబర్లు సరిగ్గా ఉన్నాయా? ఎక్సెల్ 15 అంకెల వరకే నమ్మకంగా గుర్తుపెట్టుకుంటుంది. 16 అంకెల ఖాతా నంబరయితే చివరిది సున్నా చేసేస్తుంది. మొదట్లో ఉన్న సున్నాలను మింగేస్తుంది. సంఘం లోను డబ్బులు పడాల్సిన ఖాతా విషయంలో ఇది చిన్న పొరపాటా? అందుకే ఖాతా, ఫోన్, ఆధార్ నంబర్ల నిలువు వరుసను అంకెలుగా కాక 'టెక్స్ట్'గా ఎంచుకోవాలి.

తేదీలు తారుమారయ్యాయా? 03/04 అంటే మనకు ఏప్రిల్ 3. అమెరికా పద్ధతిలో ఉన్న కంప్యూటరుకు మార్చి 4. ముందు సంవత్సరం, తర్వాత నెల, ఆ తర్వాత రోజు వచ్చేలా రాసుకుంటే ఈ గొడవ ఉండదు.

ఫొటోలు వచ్చాయా? రావు. సీఎస్‌వీలో ఫొటో ఉండదు, ఫొటో ఉన్నచోటు అడ్రసు మాత్రమే ఉంటుంది. యాప్‌షీట్‌లో మామూలుగా ఫొటోలు గూగుల్ డ్రైవ్‌లో ఒక ఫోల్డరులో ఉంటాయి. ఆ ఫోల్డరును విడిగా దించుకోవాలి.

చివరగా మూడు పరీక్షలు. యాప్‌లో ఎంతమంది ఉన్నారో ఫైల్లో అన్ని వరుసలు ఉన్నాయా? మొత్తం బాకీ రెండుచోట్లా ఒకటేనా? మొట్టమొదటి ఆర్డరు, నిన్నటి ఆర్డరు రెండూ ఉన్నాయా? వీటిలో ఏది తప్పినా, యాప్‌లో ఏదో ఫిల్టరు పెట్టి ఉండొచ్చు. దాన్ని తీసేసి మళ్లీ ఎక్స్‌పోర్ట్ చేయండి.

అసలు సమస్య ఇక్కడుంది

పై పనులన్నీ పావుగంటలో నేర్చుకోవచ్చు. కానీ అంతకంటే పెద్ద ముడి ఇంకొకటుంది. ఆ యాప్ ఎవరి జీమెయిల్ మీద ఉంది?

మా పట్నంలో బట్టలు కుట్టే ఒక అక్కను ఇదే అడిగాను. "మా పిలగాడు చేసిచ్చిండు. వాని మెయిలే ఉంటది. వాడు హైదరాబాదుల నౌకరికి పోయిండు. లెక్క ఎట్ల తియ్యాల్నో నాకేమెరుక చెల్లే? పండుగకొచ్చినప్పుడు అడగాలె" అంది. పదేళ్ల కష్టం, ఊళ్లో సగంమంది ఆడవాళ్ల కొలతలు, రావాల్సిన బాకీలు... అన్నీ ఇంట్లో లేని కొడుకు పాస్‌వర్డులో ఉన్నాయి. కొడుకు మంచివాడే. తల్లికి సాయం చేయాలనే చేశాడు. కానీ ఆ షీటుకు యజమాని అతనే. అతను తెలియక చెరిపేస్తే ఆమె ఫోన్లోంచి కూడా పోతుంది. రెండేళ్లపాటు వాడని ఖాతాలను తొలగించవచ్చని గూగుల్ నిబంధన ఉంది, 2023 డిసెంబరు నుంచి అమలు చేస్తోంది. పిల్లాడు కొత్త మెయిల్‌కి మారి పాతది మరిచిపోతే?

ఇంటి పట్టా భర్త పేర, బండి కొడుకు పేర, గ్యాసు బుక్కు మామగారి పేర ఉండటం మనకు అలవాటైపోయింది. సొంతంగా సంపాదించుకున్న వ్యాపారం పద్దయినా మన పేర ఉండొద్దా? అడగడానికి మొహమాటపడకండి. "నాన్నా, షీటు నా మెయిల్ పేరు మీదికి మార్చి పో" అని చెప్పండి. 'షేర్' నొక్కి 'ఎడిటర్' అని ఇస్తే చాలదు. యజమానిగా, అంటే 'ఓనర్'గా మార్చాలి. ఐదు నిమిషాల పని. యాప్ కూడా అతని ఖాతాలోనే ఉంటుంది కాబట్టి దాన్నీ మీ ఖాతాకు మార్పించుకోండి.

చట్టం ఏమంటోంది? యూరప్‌లో 2018 మే 25 నుంచి అమలవుతున్న చట్టం ప్రకారం, తానిచ్చిన వ్యక్తిగత సమాచారాన్ని వాడుకోదగ్గ ఫైలు రూపంలో తన చేతికివ్వమని మనిషి కంపెనీని అడగొచ్చు. మన దేశంలో 2023లో వచ్చిన డిజిటల్ వ్యక్తిగత సమాచార రక్షణ చట్టంలో సమాచారం గురించి తెలుసుకోవడం, సరిదిద్దించుకోవడం, తొలగించమనడం ఉన్నాయి. ఫైలుగా చేతికివ్వమనే హక్కు మాత్రం లేదు. అంటే ఎక్స్‌పోర్ట్ బటన్ ఉన్న యాప్‌ను ముందే చూసి ఎంచుకోవడం మన బాధ్యతే. యాప్ మొదలుపెట్టే రోజే ఆ బటన్ ఎక్కడుందో వెతకండి. లేకపోతే దానికో దండం పెట్టి ఇంకోటి చూసుకోండి.

పరాయివాళ్ల గుట్టు మన చేతిలో

ఆ ఫైల్లో మన లెక్కే కాదు, నలుగురి గుట్టూ ఉంటుంది. ఎవరి కొలత ఎంత, ఎవరు ఎంత బాకీ, ఎవరి ఫోన్ నంబరు ఏది... వాట్సాప్ గ్రూపులో ఒక్కసారి పొరపాటున పడిందంటే ఎన్ని ఇళ్లల్లో మాటలు పడాల్సొస్తుందో ఆలోచించండి. ఇంటర్నెట్ సెంటరులో దించుకుంటే, పని కాగానే మెయిల్ లాగౌట్ చేసి, డౌన్‌లోడ్స్‌లో ఉన్న ఫైలును చెరిపి రండి. పెన్‌డ్రైవ్‌లో ఒక కాపీ, మీ సొంత డ్రైవ్‌లో ఒక కాపీ పెట్టుకుంటే చాలు. ఎక్సెల్ ఫైలుకు పాస్‌వర్డు కూడా పెట్టొచ్చు. అయితే అది మరిచిపోతే ఫైలు తెరుచుకోదు. అందుకని దాన్ని బీరువాలో నగల రసీదుల పక్కన రాసి పెట్టుకోండి.

ఇదంతా రోజూ చేసే పనేమీ కాదు. పాలవాడికి డబ్బులిచ్చే రోజో, సంఘం మీటింగు రోజో... నెలకు ఒక్క రోజు అనుకోండి. ఆ రోజు తేదీనే పేరుగా పెట్టి ఒక ఫైలు తీసి దాచండి. పాతవి వెంటనే చెరపకండి, కనీసం ఏడాదివి ఉంచండి. రేపు బ్యాంకు మేనేజరు "మీ వ్యాపారం లెక్కలున్నాయా అమ్మా?" అని అడిగితే, కొడుక్కి ఫోను చేయాల్సిన పనిలేకుండా, "ఉన్నాయి సార్, ఏ నెలవి కావాలి?" అని మీరే అడగొచ్చు.