విశాఖకు రాని జట్టు

సంక్రాంతి వెళ్లిన రెండో ఆదివారం. బుచ్చయ్యపేట శివారులో వరి కోసేసిన మడి. పిల్లల కాళ్ల కింద కొయ్యకాళ్లన్నీ నలిగి నేల చదునైపోయింది. ఒక చివర రెండు సరుగుడు గెడలు పాతారు. రెండో చివర రెండు సైకిళ్లు స్టాండేసి నిలబెట్టారు. వాటి మధ్యనుంచి బంతి వెళ్తే గోలు, చక్రానికి తగిలితే గొడవ. ఒక జట్టు ఈ ఊరి పిల్లలు, రెండోది వడ్డాది నుంచి వచ్చిన పిల్లలు. నేను గట్టు మీద కూర్చున్నాను.

విరామంలో ఒక కుర్రాడు వచ్చి పక్కన కూలబడ్డాడు. నీలం, తెలుపు చారల చొక్కా, వీపు మీద పది నంబరు. "మీరు పత్రికల్లో రాస్తారటగా బాబూ. కేరళోళ్లకి టీముంది, బెంగళూరోళ్లకి ఉంది, గోవావోళ్లకి ఉంది. మన వైజాగుకి ఏటీ లేదేటండి?"

"ఒకటి ఇచ్చార్రా," అన్నాను.

"ఏటైపోనాదండి మరి?"

విజిల్ పడింది. వాడు పరిగెత్తాడు. ఆ జవాబు ఇక్కడ రాస్తున్నాను.

2020 ఆగస్టులో అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య ఐ-లీగ్‌లోకి నేరుగా రావడానికి రెండు కొత్త జట్లకు అవకాశమిచ్చింది. ఢిల్లీ నుంచి సుదేవా, విశాఖపట్నం పేరు మీద శ్రీనిధి. సుదేవా ఆ ఏడే ఆడాలి, శ్రీనిధి మరుసటి ఏడు. సాగర తీరంలో జాతీయ లీగ్ మ్యాచులన్న మాట పేపర్లలో వచ్చింది. ఏడాది తిరిగేసరికి ఆ జట్టు 'శ్రీనిధి దక్కన్' అయింది. కరోనా వల్ల మొదటి సీజన్ మొత్తం బెంగాల్‌లో ఆడింది, మూడో స్థానంలో నిలిచింది. ఆ తర్వాత సొంత మైదానం హైదరాబాద్ శివార్లలోని దక్కన్ అరీనా. 2022-23లోనూ, 2023-24లోనూ రెండో స్థానం. మంచి జట్టే. మన సముద్రం మాత్రం చూడలేదు.

దీన్ని ఆ ఒక్క జట్టు తప్పుగా చూస్తే పొరపాటు. మన దేశంలో జట్టుకి ఊరు ఇంటిపేరు లాంటిది కాలేదు, అద్దె ఇల్లు లాంటిదయింది. ఈ సంగతి అర్థం కావాలంటే లీగ్ అన్న మాట దగ్గర మొదలుపెట్టాలి.

జాతరా, సేద్యమా?

1888లో రెండు సంగతులు జరిగాయి. ఇంగ్లండులో విలియం మెక్‌గ్రెగర్ అనే బట్టల వ్యాపారి తోటి క్లబ్బులకు ఉత్తరాలు రాశాడు. అప్పటిదాకా స్నేహపూర్వక మ్యాచులు ఎవరి వీలునుబట్టి వాళ్లు పెట్టుకునేవాళ్లు, మానుకునేవాళ్లు. అలా కాకుండా ప్రతి జట్టూ ప్రతి జట్టుతోనూ రెండేసి సార్లు ఆడాలి, ఒకసారి మన ఊళ్లో, ఒకసారి వాళ్ల ఊళ్లో. పన్నెండు క్లబ్బులతో సెప్టెంబరులో ఆట మొదలైంది. అన్నీ మిల్లులూ గనులూ కార్ఖానాలూ ఉన్న ఊళ్లవే. ప్రెస్టన్ ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా గెలిచింది. ప్రపంచంలో ఉన్న ప్రతి ఫుట్‌బాల్ లీగ్ ఆ ఉత్తరానికి మనవడో మునిమనవడో.

అదే ఏడు సిమ్లాలో బ్రిటిష్ సైనికుల కోసం డ్యూరాండ్ కప్ పుట్టింది. వాళ్ల దేశంలో లీగ్, మన దేశంలో కప్పు.

కప్పు అంటే అనకాపల్లి నూకాలమ్మ జాతర లాంటిది. కొన్నాళ్ల సందడి, ఓడినవాడు మూట సర్దుకుంటాడు, డేరాలు విప్పేస్తారు. లీగ్ అంటే సేద్యం. దుక్కి నుంచి కోత దాకా ప్రతి వారమూ పని ఉంటుంది, ఒక వాన తప్పినా ఏడాది మొత్తం పోదు. మనం వందేళ్ల పైచిలుకు జాతరలే చేసుకున్నాం. డ్యూరాండ్, రోవర్స్, ఐఎఫ్‌ఏ షీల్డ్, సంతోష్ ట్రోఫీ. కలకత్తా లాంటి చోట్ల నగర లీగులున్నా, దేశమంతటికీ కలిపి లీగ్ రావడానికి 1996 డిసెంబరు దాకా ఆగాల్సి వచ్చింది.

జాతరల కాలంలో మాత్రం మనదే పైచేయి. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదుసార్లు బొంబాయి రోవర్స్ కప్పు గెలిచింది. వెనక ఉన్నది సయ్యద్ అబ్దుల్ రహీం. వృత్తికి బడిపంతులు. డ్రిబ్లింగ్ చెయ్యకూడదన్న నిబంధనతో ఒక పోటీ, వాటం లేని కాలితోనే తన్నాలని మరో పోటీ పెట్టి కుర్రాళ్లను సానబట్టేవారు. ఆయన శిక్షణలో భారత జట్టు 1951 ఢిల్లీ ఏషియాడ్‌లో స్వర్ణం గెలిచింది, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది, 1962 జకార్తాలో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి మళ్లీ స్వర్ణం తెచ్చింది. అప్పటికే క్యాన్సర్ ఆయన్ని తినేస్తోంది. మరుసటి జూన్‌లో కన్నుమూశారు. అజయ్ దేవగణ్ 'మైదాన్' సినిమా వచ్చేదాకా ఆ పేరు మన ఇళ్లలో ఎందరికి తెలుసు?

రహీం తర్వాత జరిగింది వలస. అసలు అప్పటికే మొదలైంది. సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం ఈస్ట్ బెంగాల్‌కి వెళ్లారు. హుగ్లీ ఒడ్డున ఉత్తరపాడాలోనే స్థిరపడి 2023లో పోయారు. మహమ్మద్ హబీబ్ కూడా కలకత్తా బండే ఎక్కారు. 1977లో పెలే న్యూయార్క్ కాస్మోస్ జట్టుతో వచ్చి మోహన్ బగాన్ మీద ఆడినప్పుడు, 2-2గా ముగిసిన ఆ మ్యాచ్‌లో ఒక గోలు మన హైదరాబాదీదే. నయీముద్దీన్, అక్బర్, షబ్బీర్ అలీ, విక్టర్ అమల్‌రాజ్, అందరిదీ ఆ దారే. 1965-66లో ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలిచింది. మళ్లీ గెలవలేదు. మొక్కలు ఇక్కడ, కాపు అక్కడ.

మిల్లు మూస్తే జట్టూ మూత

జాతీయ ఫుట్‌బాల్ లీగ్ తొలి సీజన్‌ని పన్నెండు జట్లతో నడిపారు. మెక్‌గ్రెగర్ లెక్కే. తొలి విజేత పంజాబ్ ఫగ్వాడా బట్టల మిల్లు జట్టు జేసీటీ. పద్నాలుగు గోల్స్‌తో బైచుంగ్ భూటియా అందరికంటే ముందు. తర్వాత మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్, సాల్గావ్‌కర్, డెంపో, మహీంద్రా యునైటెడ్. కలకత్తా పాత క్లబ్బులు రెండూ తీసేస్తే మిగతావన్నీ ఏదో ఒక కంపెనీ పేరే. 2007లో దాన్నే ఐ-లీగ్‌గా మార్చారు. పేరు మారింది, పునాది మారలేదు.

కంపెనీ జట్టులో ఒక సుఖముంది, జీతం నెలనెలా పడుతుంది. ఒక చిక్కూ ఉంది, యజమానికి మనసు విరిగిన రోజున జట్టు ఉండదు. మహీంద్రా 2010లో జట్టును మూసేసింది. తొలి విజేత జేసీటీ 2011లో. 2016లో సాల్గావ్‌కర్, డెంపో లీగ్ వదిలేశాయి. గోవాలో వీటికి అభిమానులు లేరా అంటే ఉన్నారు, వాళ్లనెవరూ అడగలేదు.

ఈలోగా సమాఖ్య 2010 డిసెంబరులో ఐఎంజీ-రిలయన్స్‌తో పదిహేనేళ్లకు రూ.700 కోట్ల ఒప్పందం చేసుకుంది. అందులోంచి పుట్టిందే ఇండియన్ సూపర్ లీగ్. 2014 అక్టోబరులో ఎనిమిది నగరాలతో మొదలైంది. డెల్ పియెరో, పిరెస్, ట్రెజెగె లాంటి రిటైర్మెంటు వయసు తారలు, పక్కన సినిమా వాళ్లు, క్రికెటర్లు. ఎనిమిదింటిలో తెలుగు ఊరు ఒక్కటీ లేదు. అప్పుడు మనవాళ్లేం చేశారు? 2016లో చిరంజీవి, నాగార్జున, అల్లు అరవింద్, నిమ్మగడ్డ ప్రసాద్ సచిన్‌తో కలిసి కేరళ బ్లాస్టర్స్‌లో పెట్టుబడి పెట్టారు. తెలుగు డబ్బు, మలయాళీ పసుపు చొక్కా. వ్యాపారంగా తప్పు పట్టలేం, అక్కడ గ్యాలరీలు నిండుతాయి మరి.

2019లో పుణె జట్టు మూతపడింది. దాని చోటు హైదరాబాద్‌కి వచ్చింది. అంటే మనకు దక్కిన సూపర్ లీగ్ జట్టు కూడా ఇంకో ఊరి కొంపలోంచి లేచి వచ్చిందే. విజయ్ మద్దూరి, వరుణ్ త్రిపురనేని యజమానులు. గచ్చిబౌలిలో తొలి మ్యాచ్ కేరళ మీద 2-1తో గెలిచింది, సీజన్ చివరికి అట్టడుగున నిలిచింది. తర్వాత మనోలో మార్కెజ్ అనే స్పెయిన్ కోచ్ వచ్చాడు. కరోనా వల్ల రెండు సీజన్లూ గోవాలోనే. ఆ రెండో సీజన్లో ఒగ్బెచే పద్దెనిమిది గోల్స్ కొట్టాడు. 2022 మార్చి 20, ఫటోర్డా, ఫైనల్. ఎదురుగా మళ్లీ కేరళే. 68వ నిమిషంలో కేరళ గోలు. 88వ నిమిషంలో సాహిల్ తవోరా దూరం నుంచి తన్నిన బంతితో సమం. పెనాల్టీల్లో గోల్‌కీపర్ కట్టిమని మూడు ఆపాడు. 3-1. హైదరాబాద్ విజేత.

ఆ కప్పు గెలిచిన సీజన్లో జట్టు హైదరాబాద్‌లో ఒక్క మ్యాచ్ ఆడలేదు. సొంతూరు చూడని చాంపియన్!

తర్వాతి కథ త్వరగా చెప్పేస్తాను, ఎక్కువ చెప్పాలనీ లేదు. జీతాల బకాయిలు, ఫిఫా నిషేధం, ఆటగాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోవడం. 2023-24లో మొత్తం సీజన్లో ఒక్క గెలుపు. 2024లో బీసీ జిందాల్ గ్రూపు తీసుకుంది. 2025 అక్టోబరులో ఆ జట్టు 'స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ' అయింది. పుణె నుంచి వచ్చింది, ఢిల్లీకి పోయింది. ఆరేళ్ల కాపురం.

నిచ్చెన

కుర్రాడికి ఇంకో సంగతి కూడా చెప్పాలి. లీగ్ అంటే పైన కనబడే అంతస్తు ఒక్కటే కాదు. 2024-25 దాకా ఉన్న ఏర్పాటులో అన్నిటికంటే పైన సూపర్ లీగ్, దాని కింద ఐ-లీగ్, ఆ కింద ఐ-లీగ్ 2, ఐ-లీగ్ 3, అట్టడుగున రాష్ట్రాల లీగులు. కాగితం మీద చూస్తే ఊళ్లోని జట్టు గెలుచుకుంటూ పోతే పైదాకా ఎక్కవచ్చు. కానీ పై మెట్టు తలుపు చాన్నాళ్లు గడియ వేసే ఉంది. ప్రవేశ రుసుం కట్టిన జట్లే సూపర్ లీగ్‌లో ఆడేవి. ఐ-లీగ్ గెలిస్తే పైకి రావడం 2022-23 నుంచే, అలా మొదట ఎక్కింది పంజాబ్, తర్వాత మహమ్మడన్. కిందికి దిగడం మాత్రం 2024-25 దాకా లేదు. అందుకే 2023-24లో ఒక్క మ్యాచ్ గెలిచిన హైదరాబాద్ మరుసటి ఏడు కూడా అదే లీగ్‌లో ఆడింది. ఓడిపోయినా పోని చోటు, డబ్బు లేకపోతే పోయే చోటు. ఇంగ్లండులో చివరి వారాల్లో అట్టడుగు జట్ల మ్యాచులకు ప్రాణాలు ఉగ్గబట్టుకుని కూర్చుంటారు. మనకు ఆ భయమూ లేకపోయింది, ఆ రుచీ లేకపోయింది.

అట్టడుగు మెట్టు సంగతి మరీ పలచన. తెలుగు నేల మీద ఏడాది పొడుగునా ఆట నడిపే చోట్లు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. అనంతపురంలో విన్సెంట్ ఫెర్రర్ స్థాపించిన ఆర్డీటీ సంస్థ స్పెయిన్ సంబంధంతో పల్లె పిల్లల చేత, ఆడపిల్లల చేత కూడా ఫుట్‌బాల్ ఆడిస్తోంది. కరవు సీమలో ఆ పచ్చిక చూస్తే కళ్లు చెమరుస్తాయి. నిజామాబాద్ జిల్లా అమ్మాయి గుగులోత్ సౌమ్య భారత జట్టుకు ఆడుతోంది, 2024-25కి దేశంలో ఉత్తమ మహిళా ఫుట్‌బాలర్. క్లబ్బు ఏదంటారా? ఈస్ట్ బెంగాల్. బలరాం ఎక్కిన బండే ఇంకా తిరుగుతోంది.

మన చోడవరం వైపు మనుషులకు ఒక పోలిక చెప్తే ఇట్టే అర్థమవుతుంది. గోవాడ చక్కెర ఫ్యాక్టరీ సహకార సంఘం. చెరకు వేసే రైతే అందులో వాటాదారు. దాని కష్టసుఖాలు ఎలా ఉన్నా, ఓ తెల్లారి ఎవరో దాన్ని లారీల మీద ఎక్కించి ఇంకో రాష్ట్రానికి పట్టుకుపోలేరు. బార్సిలోనా క్లబ్బు అచ్చంగా ఇలాంటిదే, సభ్యులే యజమానులు, అధ్యక్షుణ్ని వాళ్లే ఎన్నుకుంటారు. జర్మనీ లీగ్‌లో సగానికి మించి ఓట్లు సభ్యుల చేతిలో ఉండాలన్నది సాధారణ నిబంధన. చెరకు రైతుకి తెలిసిన ఈ చిన్న సూత్రం మన ఫుట్‌బాల్‌కి ఎందుకు తట్టలేదో నాకు అంతుబట్టదు.

2025 డిసెంబరు 8న ఆ పదిహేనేళ్ల ఒప్పందం గడువు ముగిసింది. అంతకుముందు జులైలోనే సూపర్ లీగ్ ఆపేశారు. హక్కుల కోసం టెండరు పిలిస్తే నవంబరులో ఒక్కరూ ముందుకు రాలేదు. దేశంలో ఫుట్‌బాల్ లీగ్‌కి యజమాని లేకుండా పోయాడు. సరిగ్గా ఐదు రోజులకు, డిసెంబరు 13న, మెస్సీ హైదరాబాద్ వచ్చాడు. ఉప్పల్ స్టేడియంలో లైట్లు, పాటలు, ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి కూడా బూట్లు వేసుకుని దిగారు. జనం టిక్కెట్లు కొని వెళ్లి చూశారు. ఆ నగరానికి జట్టు పోయి రెండు నెలలు. జాతర బ్రహ్మాండంగా జరిగింది. జనవరిలో కేంద్ర క్రీడా మంత్రి సూపర్ లీగ్ ఫిబ్రవరి 14న మొదలవుతుందని ప్రకటించారు. పద్నాలుగు జట్లు. తెలుగు ఊరు లేదు.

గట్టు మీద నీడ సాగింది. సైకిలు చక్రానికి తగిలిన బంతి మీద గొడవ పది నిమిషాలు నడిచి, చివరికి బుచ్చయ్యపేట 3-2తో గెలిచింది. వడ్డాది పిల్లలు ఒప్పుకోలేదు. సైకిళ్లు ఎక్కుతూ వాళ్లలో పెద్దవాడు వెనక్కి తిరిగి అరిచాడు.

"ఈపాలి మా ఊరు రండ్రా. మా పెద్దేరు ఇసకలో ఆడండి, తెలుస్తాది!"

"ఎప్పుడ్రా?"

"వచ్చే ఆదివారం!"

పది నంబరు చొక్కా కుర్రాడు నా వైపు చూసి, "మీరూ వస్తారేటండి?" అన్నాడు.