ఒకే గని, రెండు గ్రంథాలు : బార్బరా కింగ్‌సాల్వర్ రచనా ప్రపంచం

యథార్థాన్ని ఉన్నదున్నట్లు రాసేవారు ఒక కోవకు, కల్పించి కథ చెప్పేవారు మరొక కోవకు చెందుతారని మనం సాధారణంగా భావిస్తాం. పాత్రికేయుని కలం వేరు, నవలాకారుని కలం వేరు అన్న అభిప్రాయం మనలో స్థిరపడిపోయింది. ఆ రెండు కలాలనూ ఒకే చేత పట్టిన రచయిత్రి అమెరికాకు చెందిన బార్బరా కింగ్‌సాల్వర్. ఉద్యోగుల కుటుంబాలు చదివే ఈ పత్రికలో ఆమెను పరిచయం చేయడానికి ప్రత్యేక కారణం ఉంది. ఆమె తొలినాళ్ళ కృషిలో ముఖ్యభాగం గనుల పట్టణాలలోని కార్మిక కుటుంబాలతో ముడిపడి ఉంది.

కింగ్‌సాల్వర్ 1955లో జన్మించారు. కెంటకీ రాష్ట్రపు పల్లెప్రాంతంలో పెరిగారు. తండ్రి వైద్యుడు. ఆమెకు ఏడేళ్ళ వయసున్నప్పుడు ఆ కుటుంబం కొంతకాలం ఆఫ్రికాలోని కాంగోలో నివసించింది. ఆమె జీవశాస్త్రం అభ్యసించి, ఆరిజోనా విశ్వవిద్యాలయంలో స్నాతకోత్తర పట్టా పొంది, అక్కడే శాస్త్రవిషయాలను సామాన్యులకు బోధపడేటట్లు రాసే ఉద్యోగంలో చేరారు. ప్రతి మాటకూ ఆధారం చూపవలసిన ఆ శిక్షణ ఆమెను జీవితాంతం వెన్నంటింది.

1983 జూలైలో ఆరిజోనా రాగి గనులలో సమ్మె మొదలైంది. రాగి ధర పడిపోయిందన్న కారణంతో ఫెల్ప్స్ డాడ్జ్ కంపెనీ, ధరల పెరుగుదలను అనుసరించి వేతనంలో కలిసే భత్యాన్ని రద్దు చేయదలచింది. కరువు భత్యం విలువ ఎరిగిన మన పాఠకులకు ఆ వివాదం లోతు వివరించనక్కరలేదు. వేతనాలు పెంచకపోయినా సరే, భత్యం మాత్రం ఉండాలని కార్మిక సంఘాలు కోరాయి. కంపెనీ అంగీకరించలేదు. గని ద్వారం వద్ద గుమికూడే కార్మికుల సంఖ్యపై న్యాయస్థానం ఆంక్షలు విధించగా, ఆ స్థానంలో వారి భార్యలు, తల్లులు, కుమార్తెలు వచ్చి నిలబడ్డారు. ఆగస్టులో ప్రభుత్వం నేషనల్ గార్డు బలగాలను దింపింది. అక్టోబరులో క్లిఫ్టన్ పట్టణాన్ని వరద ముంచెత్తింది. మొరెన్సీలో ఇల్లు, దుకాణం, ఆసుపత్రి సమస్తమూ కంపెనీవే కావడం వల్ల, సమ్మె చేయడమంటే ఉద్యోగంతోపాటు నిలువనీడను సైతం పణంగా పెట్టడమే అయింది.

వార్తలు సేకరించడానికి అక్కడికి వెళ్ళిన కింగ్‌సాల్వర్, ఆ స్త్రీల వంటగదులలో కూర్చుని వారి మాటలు విన్నారు. మళ్ళీ మళ్ళీ వెళ్ళారు. ఆ శ్రమ ఫలితమే 1989లో వెలువడిన ‘హోల్డింగ్ ద లైన్’. సమ్మె విఫలమైంది, ఆ గనులలో కార్మిక సంఘాలు గుర్తింపును కోల్పోయాయి. రచయిత్రి ఆ ఓటమిని దాచలేదు. అయితే భర్త అనుమతి లేనిదే గడప దాటని ఇల్లాళ్ళు బహిరంగ సభలలో నిలబడి మాట్లాడేటంతగా ఎట్లా మారారో ఆమె నమోదు చేశారు. పోయిన సమ్మెతో ఆ మార్పు పోలేదన్నది ఆ గ్రంథసారం.

ఈలోగా 1988లోనే ఆమె తొలి నవల ‘ద బీన్ ట్రీస్’ ప్రచురితమైంది. గర్భవతిగా ఉన్న రోజులలో నిద్రపట్టక, భర్తకు నిద్రాభంగం కలగకూడదని బట్టలు పెట్టుకునే చిన్న గదిలో కూర్చుని రాత్రులు దానిని రాశారట. నిద్రలేమికి విరుగుడుగా పళ్ళు తోముకునే బ్రష్షుతో స్నానాలగది పలకలు రుద్దమని వైద్యుడు సలహా ఇస్తే, దానికి బదులు నవల రాశానని ఆమె హాస్యంగా చెప్పుకున్నారు.

1990 నాటి ‘యానిమల్ డ్రీమ్స్’లో మరల గనుల పట్టణమే రంగస్థలం. ఈసారి ఊరు కల్పితం, పేరు గ్రేస్. పాఠశాలలో జీవశాస్త్రం బోధించే కోడీ అనే యువతి, విద్యార్థులచేత నదీజలాన్ని సూక్ష్మదర్శినిలో పరీక్షింపజేస్తుంది. గని వదిలిన ఆమ్లం వల్ల ఆ నీటిలో ఒక్క సూక్ష్మజీవి కూడా మిగలలేదని తేలుతుంది. అప్పుడు ఊరి కుట్టుపని సంఘంలోని స్త్రీలు నెమలి బొమ్మలు తయారుచేసి నగరంలో అమ్మి, తమ ఊరి గోడును లోకానికి వినిపించి, చివరకు గెలుస్తారు.

ఇక్కడ మేము కొంత ఆలోచనలో పడ్డాము. నిజజీవితంలో ఓడిన స్త్రీలను నవలలో గెలిపించడం సత్యానికి ద్రోహం కాదా? కాదనే మా అభిప్రాయం. మొదటి గ్రంథంలో ముగింపును మార్చే హక్కు రచయిత్రికి లేదు. ఆ హద్దును ఆమె మీరలేదు. నవలలో ఆమె మరొక ప్రశ్న వేశారు: ఆ ధైర్యానికి తగిన ఫలితం దక్కితే ఎట్లా ఉంటుంది? జరిగినదానికి సాక్ష్యం చెప్పడం ఒక బాధ్యత, జరగవలసినదాన్ని ఊహించడం మరొక బాధ్యత. సాక్ష్యం ముందుగా నిజాయితీగా చెప్పినందువల్లనే ఆ ఊహకు విలువ వచ్చింది.

1998లో వచ్చిన ‘ద పాయిజన్‌వుడ్ బైబిల్’ ఆమెకు విశేష ఖ్యాతి తెచ్చింది. 1959లో ఒక మతప్రచారకుడు భార్యను, నలుగురు కుమార్తెలను వెంటబెట్టుకుని కాంగో పల్లెకు వెళ్తాడు. కథ చెప్పేది మాత్రం ఆ అయిదుగురు స్త్రీలే. స్థానిక భాషలో ‘బంగాల’ అన్న మాటను ఒక తీరున పలికితే ప్రియమైనదని, మరొక తీరున పలికితే విషవృక్షమని అర్థం. వినే ఓర్పు లేని ఆ బోధకుడు ప్రతివారమూ తన దైవాన్ని విషవృక్షమని ప్రకటిస్తూ ఉంటాడు. దీర్ఘం పోతే ‘పాలు’ కాస్తా ‘పలు’ అయిపోయే భాష మనది గనుక ఆ చమత్కారమూ, అందులోని విషాదమూ మనకు వెంటనే అందుతాయి.

తరువాతి కృషి మరింత బహుముఖమైనది. తన కుటుంబం ఒక సంవత్సరంపాటు సొంత తోటలోనూ, చుట్టుపక్కల పొలాలలోనూ పండినదానితోనే గడిపిన వృత్తాంతాన్ని 2007లో ‘యానిమల్, వెజిటబుల్, మిరకిల్’గా భర్త, పెద్ద కుమార్తెలతో కలిసి రాశారు. మెక్సికో అడవులలో శీతాకాలం గడిపే మోనార్క్ సీతాకోకచిలుకలు దారితప్పి ఒక పేదరైతు కొండమీద వాలితే ఏమవుతుందన్న ఊహతో 2012లో ‘ఫ్లైట్ బిహేవియర్’ అల్లారు. 2022 నాటి ‘డీమన్ కాపర్‌హెడ్’ డికెన్స్ మహాశయుని ‘డేవిడ్ కాపర్‌ఫీల్డ్’ను వర్జీనియా బొగ్గు ప్రాంతానికి తరలించిన నవల. నొప్పి నివారణ మాత్రల వ్యసనంలో తల్లిదండ్రులను కోల్పోయిన పిల్లల గాథ అది. 2023లో దానికి పులిట్జర్ బహుమతి, విమెన్స్ ప్రైజ్ రెండూ లభించాయి. ‘ద లకూనా’ నవలకు 2010లోనే రెండవ పురస్కారం పొందినందున, దానిని రెండుసార్లు అందుకున్న తొలి రచయిత్రి ఆమె. నవలపై వచ్చిన ఆదాయంతో, ఆ కథ జరిగిన లీ కౌంటీలోనే వ్యసనం నుండి కోలుకునే స్త్రీలకు ఒక నివాసగృహాన్ని నెలకొల్పారు. నవల ఇచ్చిన ధనం తిరిగి ఆ నేలకే చేరింది.

క్వార్టర్సులలో కాపురముంటూ, షిఫ్టు సైరన్‌ను బట్టి పొయ్యి వెలిగించే ఇళ్ళు మనవి. సంస్థ చరిత్ర అంటే ఉత్పత్తి అంకెలు, ప్రారంభోత్సవ ఛాయాచిత్రాలు మాత్రమేనని మనం అనుకుంటూ ఉంటాం. మొరెన్సీ వంటగదులలో ఒక యువ రచయిత్రి విన్న మాటలు అంతకు మించిన చరిత్ర ఉన్నదని తెలుపుతున్నాయి. ‘హోల్డింగ్ ద లైన్’, ‘యానిమల్ డ్రీమ్స్’ గ్రంథాలను ఒకదాని వెంట ఒకటిగా చదవవలసిందని పాఠకులకు మా మనవి. చదివిన పిదప, పదవీ విరమణ చేసిన పెద్దలను, వారికంటే ముందుగా వారి ఇల్లాళ్ళను, ఒక సాయంకాలం కూర్చోబెట్టి అడగండి. వారు చెప్పినది చెప్పినట్లు రాసి ఉంచండి. దానినుండి కథ అల్లే పని తరువాత చూసుకోవచ్చు.