అమ్మ గొంతు మిగిలింది!

పెళ్లిళ్లలో ఎవరైనా “ఏం ఉద్యోగం చేస్తున్నావమ్మా?” అనడిగితే కాస్త తటపటాయిస్తాను. “పాత గొంతుల్ని భద్రపరుస్తానండీ” అంటే “ఓహో, క్యాసెట్ల కొట్టా!” అనేస్తారు. రాజమండ్రిలో మా పెద్దత్తగారైతే ఇప్పటికీ అందరికీ అలాగే చెబుతారు!

చరిత్రలో ఎమ్మే చేసి, తర్వాత లైబ్రరీ సైన్సు చదివాను. కానీ ఈ పనిలోకి లాక్కొచ్చింది నేను చేసిన తప్పే. అమ్మమ్మ పాడిన అప్పగింతల పాటల్ని మావయ్య ఓ క్యాసెట్లో పట్టాడు. పదో తరగతిలో ఉండగా నేను దానిమీదే సినిమా పాటలు రికార్డు చేసేశాను. క్యాసెట్ వెనకంచున ఉండే చిన్న ప్లాస్టిక్ బిళ్లలు రెండూ విరిచేస్తే మళ్లీ రికార్డు కాదని అప్పుడు నాకేం తెలుసు? ఆర్నెల్లకే అమ్మమ్మ పోయింది.

పేరున్నవాళ్ల గొంతులు ఎలాగో మిగులుతాయి. టంగుటూరి సూర్యకుమారి 1925లో రాజమండ్రిలో పుట్టారు, 2005లో లండన్లో కన్నుమూశారు. ‘మా తెలుగు తల్లికి’ పాటను శంకరంబాడి సుందరాచారి ‘దీనబంధు’ సినిమా కోసం రాశారు. అందులో దానికి చోటు దక్కలేదు. ఆమె పాడిన గ్రామఫోను ప్లేటే ఆ పాటను జనంలోకి తీసుకెళ్లింది. లక్క కలిపి చేసిన ఆ ప్లేట్లు నిమిషానికి 78 చుట్లు తిరిగేవి. ఒక్కో వైపు పట్టేది మూడు నిమిషాల పాటే. చెయ్యి జారితే ముక్కలే! వాటి గాడి వెడల్పు, ఎల్పీల ముల్లు పనికిరాదు.

మరి ప్లేటెక్కని అమ్మల మాటేమిటి?

కోనసీమ నుంచి ఓ టీచరుగారు 1986 వరదలో తడిసిన క్యాసెట్ ఒకటి తెచ్చారు. టేపంతా తెల్లటి బూజు. “ముందు దీన్ని టేప్‌రికార్డర్లో పెట్టకండి” అన్నాను. బూజు యంత్రానికి, అక్కణ్నుంచి మిగతా క్యాసెట్లకీ అంటుకుంటుంది. బాగా ఆరనిచ్చి, మెల్లగా తుడిచి, టేపును కొత్త డబ్బాలోకి మార్చి, కంప్యూటర్లోకి ఎక్కించాను. ఎంపీ3 కాదు, 24 బిట్లు, 96 కిలోహెర్ట్జ్‌తో వేవ్ ఫైలు. వినడానికి ఇంపుగా సరిదిద్దుకునే కాపీ వేరు. మూలప్రతి మాత్రం ఉన్నదున్నట్టే ఉండాలి.

దక్కింది పదకొండు నిమిషాలు. దంపుళ్ల పాట మధ్యలో ఆపి, “పాలు పొంగుతున్నాయేమో చూడవే!” అందా తల్లి. టీచరుగారు పాటకి ఏడవలేదు, ఆ మాటకి ఏడ్చారు.

మీ బీరువాలోనూ అలాంటి క్యాసెట్ ఉండే ఉంటుంది. తడి, ఎండ, స్పీకర్ల అయస్కాంతం తగలనివ్వకండి. పాడిందెవరో, ఏ ఊరో, ఏ సంవత్సరమో చీటీ రాసి పెట్టండి. కాపీలు రెండు మూడు చోట్ల దాచండి. పాడే పెద్దవాళ్లు ఇంట్లో ఉంటే, ఇవాళే సెల్‌ఫోన్లో పట్టండి.

మా అమ్మమ్మ క్యాసెట్ ఇంకా నా సొరుగులోనే ఉంది. సినిమా పాట మొదలయ్యే ముందు, రెండే రెండు సెకన్లు, ఆవిడ దగ్గు వినిపిస్తుంది. పాడబోతూ గొంతు సవరించుకుంటోందన్నమాట.

ఆ దగ్గును మూడు చోట్ల దాచుకున్నాను.