జగ్గయ్యపేట దాటని ఓటు

సరోజినీ నాయుడు అనగానే బడిలో నేర్పిన కోకిల బిరుదు గుర్తొస్తుంది, ఓటు గుర్తు రాదు. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ వైపు ఆడవాళ్ల ఓటు ముచ్చట వస్తే వినబడే మాటల్లో కొన్ని సరిచేసుకోవాలి.

అపోహ: ఆమె కవయిత్రి, గాంధీ వెంట నడిచిన నాయకురాలు, అంతే.

వాస్తవం: 1917 డిసెంబరులో మద్రాసులో భారత వ్యవహారాల బ్రిటిష్ మంత్రి మాంటేగును కలిసిన మహిళా బృందాన్ని నడిపింది ఆమే. ఉప్పు సత్యాగ్రహానికి ఇంకా పన్నెండేళ్లుంది. మగవాళ్లకు ఏ షరతులు పెడితే అవే మాకూ పెట్టండి, వేరే దయ అక్కర్లేదు అన్నది వాళ్ల డిమాండు. 1919లో లండన్ వెళ్లి పార్లమెంటు కమిటీ ముందూ అదే వాదించారు.

అపోహ: ఆడవాళ్లకు ఓటు తెల్లదొరలే ఇచ్చారు.

వాస్తవం: వాళ్లు తేల్చకుండా రాష్ట్రాల మీదికి నెట్టారు. 1921లో ఆడవాళ్లకు ఓటివ్వాలని మద్రాసు శాసనమండలి తీర్మానించింది. అదీ ఆస్తి, పన్ను లెక్కలో నిలిచినవాళ్లకే.

అపోహ: మనకూ అప్పుడే వచ్చింది.

వాస్తవం: తిరకాసంతా ఇక్కడే. అప్పట్లో కోదాడ నిజాం ఇలాకా. బస్సెక్కితే గంటలోపు దిగే జగ్గయ్యపేట మద్రాసు ఇలాకా. పొలం, పన్ను రశీదు ఉన్న జగ్గయ్యపేట ఇల్లాలు ఓటర్ల జాబితాకు ఎక్కొచ్చు. అంతకు రెండింతల పొలమున్నా కోదాడ ఇల్లాలికి ఆ దారి లేదు. ఆ మాటకొస్తే ఇక్కడ మామూలు రైతుకూ లేదు. హైదరాబాదులో పుట్టిన మనిషి ఊరూరా తిరిగి అడిగిన హక్కు, ఆమె సొంత గడ్డకే రాలేదు!

అపోహ: 1947తో అన్నీ వచ్చాయి.

వాస్తవం: హైదరాబాదు భారతదేశంలో కలిసిందే 1948 సెప్టెంబరులో. అందరికీ ఓటు వచ్చింది 1952 ఎన్నికల్లో. సరోజినీ దేవి 1949 మార్చిలోనే లక్నోలో కన్నుమూశారు.

అపోహ: చదువు రాని ఆడవాళ్లు అప్పుడు ఓటెట్లా వేస్తారు?

వాస్తవం: చదవాల్సిన పనే లేదు. ఒక్కో అభ్యర్థికి ఒక్కో పెట్టె, దాని మీద గుర్తు. ముద్ర కూడా వేయకుండా చీటీని నచ్చిన పెట్టెలో వేసి రావడమే. పేచీ అంతకుముందు, పేరు దగ్గర వచ్చింది. ‘ఫలానావాని పెండ్లాం’ అని తప్ప పేరు చెప్పలేదని దేశంలో 28 లక్షల మంది ఆడవాళ్లను జాబితాల నుంచి కొట్టేశారు. ఎక్కువ ఉత్తరాదిలోనే.

అపోహ: తెలంగాణ సాయుధ పోరాటంలో తిరిగిన ఆడవాళ్లకు ఓటుతో పనేముంది?

వాస్తవం: ఆ దళాల్లోంచి వచ్చిన ఆరుట్ల కమలాదేవి 1952లోనే ఆలేరు నుంచి గెలిచారు. తలకు పదివేల వెల కట్టించుకున్న మల్లు స్వరాజ్యం, సూర్యాపేట పక్కనే ఉన్న తుంగతుర్తిలో 1978లో ఒకసారి, 1983లో మరోసారి జనం దగ్గరికెళ్లి ఓటడిగి గెలిచారు.