బతాయ్ చెట్టు కింద బండి పెట్టొద్దు!

మలేషియాలో ఉండే మనవాళ్ళ కోసం ఈ ఎపిసోడ్‌లో బతాయ్ చెట్టు గురించి చెప్పాను. పేరు విని మన బత్తాయి అనుకోకండి, ఇది కలప చెట్టు. పుట్టిల్లు ఇండోనేషియాలోని మలూకు దీవులు, న్యూగినీ. సబాలో 1974లో నాటిన ఒక చెట్టు 13 నెలల్లోనే 10.74 మీటర్లు పెరిగి గిన్నిస్ రికార్డుకెక్కింది.

ఇది చిక్కుడు కుటుంబానిది. వేళ్ళ మీది బుడిపెల్లో ఉండే బ్యాక్టీరియా గాలిలోని నత్రజనిని పట్టి ఇస్తుంది, అందుకే సారం లేని నేలలోనూ పెరుగుతుంది. కానీ కలప తేలిక, మెత్తన. పెట్టెలకీ ప్లైవుడ్‌కీ బాగానే పనికొస్తుంది గానీ కొమ్మలు గాలికి పుటుక్కున విరుగుతాయి. 2014లో ఇసెల్ తుఫానుకి హవాయిలో ఈ చెట్లే కూలి కరెంటు తీగలు తెంపాయి.

అందుకే గాలివాన మొదలైతే దీని నీడలో నిలబడకండి, అన్నం డబ్బా విప్పకండి.