చెక్కు బౌన్స్ కేసులో జరిమానా: గడువు దొరుకుతుంది, మాఫీ దొరకదు

ఖాతాలో సొమ్ము లేక చెక్కు తిరిగి రావడం ఒకప్పుడు ప్రధానంగా సివిల్ తగాదాగానే ఉండేది. 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టంలో 1988 సవరణ ద్వారా 138వ సెక్షన్ చేరి, 1989 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి రావడంతో అది నేరంగా మారింది. ఈ నేరానికి ఇప్పుడు రెండేళ్ల వరకు జైలు గాని, చెక్కు మొత్తానికి రెట్టింపు వరకు జరిమానా గాని, రెండూ గాని విధించవచ్చు. అంటే రూ.5 లక్షల చెక్కుకు జరిమానా రూ.10 లక్షల దాకా పోవచ్చు. చేతిలో డబ్బు ఆడకనే చెక్కు చెల్లనివాడు ఇంత మొత్తాన్ని తీర్పు రోజున ఒక్కసారిగా తేలేడని చట్టానికీ తెలుసు.

అయితే ఈ జరిమానా చాలావరకు ప్రభుత్వ ఖజానాకు చేరేది కాదు. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 395వ సెక్షన్, అంటే పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 357వ సెక్షన్ కింద, వసూలైన జరిమానాలోంచి ఫిర్యాదుదారుకు పరిహారం ఇప్పించే అధికారం కోర్టుకు ఉంది. చెక్కు మొత్తంతో పాటు ఏటా 9 శాతం సాధారణ వడ్డీ కలిసివచ్చేలా ఆ పరిహారం ఉండడం సముచితమని సుప్రీంకోర్టు 2011లో సూచించింది. కాబట్టి ముద్దాయికి ఇచ్చే ప్రతి వాయిదా అప్పిచ్చినవాడి నిరీక్షణను పొడిగించేదే, ఈ సంగతి గుర్తుంచుకొనే న్యాయమూర్తులు గడువును కొలిచి ఇస్తారు.

శిక్ష కేవలం జరిమానాగా ఉండి, అది కట్టకపోతే జైలు అని తీర్పులో ఉన్నప్పుడు, సంహితలోని 464వ సెక్షన్ ప్రకారం కోర్టు ఆ జైలును ఆపి, మొత్తాన్ని 30 రోజుల్లోగా గాని, నెలకు మించని ఎడంతో రెండు మూడు వాయిదాల్లో గాని కట్టమనవచ్చు. చెల్లింపు తేదీన హాజరవుతానని ముద్దాయి బాండు రాసి ఇవ్వాలి, కోర్టు కోరితే జామీనుదారులనూ చూపాలి. కట్టకపోతే జైలు తప్పదన్న షరతుతో వచ్చిన పరిహారపు ఉత్తర్వుకూ ఇదే వర్తిస్తుంది. రివిజన్ దశలో హైకోర్టులు, ముఖ్యంగా కేరళ హైకోర్టు, జైలు శిక్షను కోర్టు లేచేవరకు కూర్చోబెట్టడానికి తగ్గించి, పరిహారం కట్టడానికి కొన్ని నెలల వ్యవధి ఇచ్చిన సందర్భాలు చాలా ఉన్నాయి.

అప్పీలు వేస్తే కట్టడం ఆగిపోతుందనుకోవడం సరికాదు. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టంలో 2018లో చేర్చిన 148వ సెక్షన్ కింద పైకోర్టు, జరిమానాలో లేదా పరిహారంలో కనీసం 20 శాతం డిపాజిట్ చేయమనవచ్చు, పరిహారం రూ.6 లక్షలైతే రూ.1.2 లక్షలు 60 రోజుల్లో కట్టాలి, తగిన కారణం చూపితే మరో 30 రోజులు దొరుకుతాయి. డిపాజిట్ ఆదేశమే సాధారణ నియమమని 2019లో చెప్పిన సుప్రీంకోర్టు, ఆ షరతు అప్పీలు హక్కునే హరించేంత అన్యాయమయ్యే అసాధారణ కేసుల్లో మినహాయింపు ఇవ్వవచ్చని 2023లో స్పష్టం చేసింది. ఖర్చులు, ఆస్తుల వివరాలు కాగితాలతో చూపకుండా నోటిమాటగా ‘పేదవాణ్ణి’ అంటే ఆ మినహాయింపు రావడం కష్టం.

జైలుకు పోయి వస్తే బాకీ తీరిపోతుందన్న నమ్మకం మరీ ప్రమాదకరమైనది. జరిమానా కట్టనందుకు విధించే జైలు, ఆ నేరానికి నిర్ణయించిన గరిష్ఠ శిక్షలో నాలుగోవంతుకు, అంటే ఇక్కడ ఆరు నెలలకు మించకూడదు గాని, జరిమానాలోంచి పరిహారం ఇవ్వమన్న ఉత్తర్వు ఉన్నచోట ఆ జైలు పూర్తిగా అనుభవించాక కూడా సంహితలోని 461వ సెక్షన్ కింద ఆస్తి జప్తు చేసి వసూలు చేసే వీలు మిగిలే ఉంటుంది.

వీటన్నిటికంటే చవకైన దారి రాజీయే. చెక్కు కేసును ఏ దశలోనైనా నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 147వ సెక్షన్ కింద రాజీ చేసుకోవచ్చు. 2025 సెప్టెంబరులో సుప్రీంకోర్టు సవరించిన మార్గదర్శకాల ప్రకారం, ముద్దాయి తరఫు సాక్ష్యం నమోదుకు ముందే చెక్కు మొత్తం కట్టేస్తే అదనపు ఖర్చు లేదు, ఆ తరువాత తీర్పులోపు 5 శాతం, సెషన్స్ కోర్టులోనో హైకోర్టులోనో 7.5 శాతం, సుప్రీంకోర్టులో 10 శాతం న్యాయసేవల సంస్థకు జమ చేయాలి. అసలు కేసే పడకుండా ఉండాలంటే, ఫిర్యాదుదారు పంపిన నోటీసు అందిన 15 రోజుల్లోగా చెక్కు మొత్తం చెల్లిస్తే చాలు.