సర్వర్ ఆగినా మేలుకునే చిప్

గన్నవరం విమానాశ్రయం పక్కన కేసరపల్లిలో మేధా టవర్స్, హెచ్‌సీఎల్ ప్రాంగణం ఉన్నాయి. అలాంటి చోట రాత్రి షిఫ్టులో కూర్చున్న ఇంజినీరు కనిపెట్టుకోవాల్సిన సర్వర్ ఏ దేశంలోనైనా ఉండవచ్చు. అది బిగుసుకుపోతే పవర్ బటన్ నొక్కడానికి పక్కన మనిషి ఉండడు. ఆ పనికి మదర్‌బోర్డు మీద వేరే చిప్ ఉంటుంది. పేరు బేస్‌బోర్డ్ మేనేజ్‌మెంట్ కంట్రోలర్, అందరూ అనేది బీఎంసీ.

సర్వర్ ఆపేసినా ప్లగ్ ఉన్నంతసేపూ స్టాండ్‌బై కరెంటుతో ఇది బతికే ఉంటుంది. దీనికి సొంత ప్రాసెసర్, సొంత మెమరీ, చాలావాటిలో సొంత లైనక్స్. ఫ్యాన్ల వేగం, ప్రాసెసర్ వేడి, వోల్టేజీలు చదువుతుంది. దూరాన ఉన్న మనిషి కీబోర్డును అక్కడి సర్వర్‌కు తగిలించినట్టే నమ్మిస్తుంది, తెరను ఇక్కడికి పంపుతుంది. ఆపరేటింగ్ సిస్టమ్ పూర్తిగా చచ్చినా దీని పని ఆగదు.

1998లో ఇంటెల్, డెల్, హెచ్‌పీ, ఎన్‌ఈసీ కలిసి ఐపీఎంఐ అనే ప్రమాణపత్రం తెచ్చాయి. దాన్ని పాటించే ఏ కంపెనీ సర్వర్‌తోనైనా ఒకే తీరుగా మాట్లాడే వీలు కుదిరింది. 2004లో 2.0 కూర్పు వచ్చింది. పెద్ద లోపం ఆ కూర్పులోనే ఉంది. లాగిన్ మొదట్లో వాడుకరి పేరు చెబితే చాలు, పాస్‌వర్డ్ సరిచూడకముందే, దానితో లెక్కగట్టిన హ్యాష్ అనే గుర్తును బీఎంసీ అవతలివారికి పంపాలని ఆ పత్రమే చెబుతుంది. ఆ హ్యాష్‌ను ఇంటికి తీసుకెళ్లి తీరిగ్గా ఒక్కో పాస్‌వర్డూ వేసి చూసుకోవచ్చు. 2013లో భద్రతా పరిశోధకుడు డాన్ ఫార్మర్ దీన్ని బయటపెట్టాడు. కంపెనీలు పత్రాన్ని తు.చ. తప్పకుండా పాటించాయి కాబట్టే లోపం అన్ని చోట్లకూ పాకింది. రాసిన పత్రం తప్పయితే ఎంత మంచి ఇంజినీరైనా ఏం చేయగలడు?

2015లో ఇదే పనికి డీఎంటీఎఫ్ సంస్థ రెడ్‌ఫిష్ అనే కొత్త ప్రమాణం ఇచ్చింది. ఇది వెబ్ మాదిరే హెచ్‌టీటీపీఎస్, జేసన్‌లతో నడుస్తుంది.

చిప్‌లోనూ చిక్కులు ఉన్నాయి. తైవాన్‌కు చెందిన ఆస్పీడ్ ఏఎస్‌టీ2400, ఏఎస్‌టీ2500 చిప్‌లు చాలా సర్వర్లలో ఉన్నాయి. సర్వర్ వైపు నుంచి బీఎంసీ మెమరీ మొత్తాన్ని చదివి, మార్చగలిగే వంతెనలు వాటిలో మొదటి నుంచీ తెరిచే ఉంటాయని 2019 జనవరిలో బయటపడింది. చిప్‌లోని సాఫ్ట్‌వేర్, అంటే ఫర్మ్‌వేర్, మొదలవగానే కొన్ని రిజిస్టర్ బిట్లు మార్చి వాటిని మూయాలి. ఆ బిట్లేవో, మూయకపోతే ఏమవుతుందో చిప్ పత్రాల్లో స్పష్టంగా, ఎప్పటికప్పుడు ఉండాలి. అలాంటి పత్రాలు ఒప్పందాల చాటున దాగకూడదని నా గట్టి నమ్మకం. ఓపెన్‌బీఎంసీ సాఫ్ట్‌వేర్ 2018 నుంచి లైనక్స్ ఫౌండేషన్ నీడలో అందరికీ తెరిచే ఉంది, పత్రాలూ ఆ దారి పట్టాలి.

2025 అక్టోబరులో గూగుల్ విశాఖలో 1500 కోట్ల డాలర్ల ఏఐ కేంద్రం ప్రకటించింది. అలాంటి చోట్ల సర్వర్ల పని నేర్చుకునే మన పిల్లలకు నా విన్నపం ఒక్కటే. బీఎంసీ పోర్టును ఎన్నడూ నేరుగా ఇంటర్నెట్‌కు కలపకండి. ఫర్మ్‌వేర్ కొత్త కూర్పు వచ్చిన రోజున దానితో వచ్చిన మార్పుల పత్రాన్ని చివరిదాకా చదవండి.